కోలారు గనులు: బంగారం లెక్క, ధూళి లెక్క

కె.జి.ఎఫ్. అన్న మూడక్షరాలు ఈ తరం తెలుగువారికి మొదట ఒక సినిమా పేరు. 2018లోను, 2022లోను రెండు భాగాలుగా వచ్చిన ఆ కన్నడ చిత్రం తెలుగులోనూ బ్రహ్మాండంగా ఆడింది. అందులోని నల్లటి నేల, సంకెళ్ళ బతుకులు, తుపాకుల కాపలా అన్నీ కల్పన. అసలు కోలారు గోల్డ్ ఫీల్డ్స్‌లో గోల్ఫు మైదానం ఉండేది, దొరల క్లబ్బు ఉండేది, చక్కటి చర్చీలు ఉండేవి. కూలీలను పట్టి ఉంచడానికి అక్కడ సంకెళ్ళ అవసరం రాలేదు. కాంట్రాక్టరు ముందుగా ఇచ్చిన బయానా, కరువు పొలంలో పండని పంట ఆ పని చేసిపెట్టాయి. సినిమా కల్పించిన క్రూరత్వం కంటికి కనిపించేది. ఆ ఊరు నిజంగా అనుభవించింది చాలావరకు కంటికి కనిపించనిది.

బెంగుళూరుకు తూర్పున సుమారు వంద కిలోమీటర్ల దూరంలో, కర్ణాటక అంచున ఉంది ఆ ఊరు. తూర్పుకు కాస్త జరిగితే చిత్తూరు సీమ, దక్షిణానికి జరిగితే తమిళనాడు. చుట్టుపక్కల పల్లెల్లో తెలుగు ఇంటిభాష. ముళబాగిలు, శ్రీనివాసపురం తాలూకాల సంగతి చెప్పనక్కరలేదు. భూగర్భంలోనూ ఈ సరిహద్దులకు విలువ లేదు. కోలారు బంగారు పట్టీ అని భూగర్భశాస్త్రజ్ఞులు పిలిచే ఆ ప్రాచీన శిలల వరస దక్షిణంగా సాగి కుప్పం ప్రాంతంలోని చిగురుకుంట, బిసానత్తం దాకా వస్తుంది. మైసూరు కమిషనరుగా పనిచేసిన బౌరింగ్ పేరుమీద వెలసిన బౌరింగ్‌పేట రైల్వే జంక్షను కాలక్రమంలో బంగారుపేట అయింది. దొర పేరు జనం నోట నానినానీ లోహం పేరుగా మారడం విడ్డూరమేమీ కాదు. ఆ దారిన వెళ్ళే రైళ్ళన్నీ ఆ లోహం కోసమే కదా!

ఇక్కడ బంగారం ఉందన్న సంగతి ఆంగ్లేయులు కనిపెట్టింది కాదు. టిప్పు సుల్తాను పతనం తరువాత కొత్త మైసూరు రాజ్యపు సరిహద్దులు కొలిచే పనిమీద 1802లో ఈ ప్రాంతానికి వచ్చిన జాన్ వారెన్ అనే లెఫ్టినెంటు, నేలలో బంగారం దొరుకుతుందన్న మాట విని, చూపించినవారికి బహుమానమని ప్రకటించాడు. ఉరిగాం గ్రామస్థులు బండినిండా మట్టి తెచ్చి, అతని కళ్ళముందే కడిగి, రేణువులు తీసి చూపించారు. మారికుప్పం దగ్గర అప్పటికే పాత గోతులు ఉన్నాయి. వాటిలోకి దిగి రాయి కొట్టేవారు అస్పృశ్యులుగా చూడబడిన కులాలవారు. గంపలతో రాయి చేతులు మారి పైకి రావడం, ఆడవాళ్ళు దాన్ని బండమీద నూరి కడగడం వారెన్ రాసిపెట్టాడు. యంత్రాలు వచ్చాక పరిమాణం మారింది. రాయి కొట్టేది ఎవరన్నది పెద్దగా మారలేదు.

వారెన్ నివేదిక డెబ్భై ఏళ్ళు పడి ఉంది. దాన్ని చదివి కదిలినవాడు మైఖేల్ ఫిట్జరాల్డ్ లవేల్ అనే ఐరిష్ సైనికుడు. న్యూజిలాండులో మావోరీలతో యుద్ధం చేసి, అక్కడి బంగారు వేట చూసి, బెంగుళూరు దండుప్రాంతంలో విశ్రాంత జీవితం గడుపుతూ ఉండగా అతనికి ఈ పిచ్చి పట్టింది. 1873లో మైసూరు ప్రభుత్వానికి అర్జీ పెట్టుకుని, 1875లో కౌలు సంపాదించాడు. గని తవ్వడానికి కావలసిన డబ్బు ఒక మాజీ సైనికుడి దగ్గర ఎక్కడిది? రెండేళ్ళకే హక్కులు ఇతరుల చేతికి పోయాయి. 1880లలో లండన్ నగరపు జాన్ టేలర్ అండ్ సన్స్ సంస్థ రంగంలోకి దిగింది. మొదట అదీ నష్టాల్లోనే ఈదింది. మైసూరు మైనింగ్ కంపెనీ వాటాదారులు మూటాముల్లె సర్దుకుందామనుకుంటున్న దశలో, మిగిలిన కొద్ది సొమ్ముతో ఆఖరి ప్రయత్నంగా వచ్చిన కెప్టెన్ ప్లమర్, పాతకాలపువారు వదిలేసిన గోతులకు అడుగున తవ్వించి చాంపియన్ రీఫ్ అనే పలుగురాతి నాళాన్ని పట్టుకున్నాడు. ఆధునిక ఇంజనీరుకు దారి చూపింది పేరులేని ఆ పాత గోతులే.

ఆ తరువాత వేగం అసాధారణం. మైసూరు, చాంపియన్ రీఫ్, ఊరిగాం, నందిదుర్గ గనులు వరసగా లాభాలు తీశాయి. ఇంగ్లండులో తగరం గనులు మూతపడుతున్న కార్న్‌వాల్ నుంచి పనివాళ్ళు వచ్చారు, ఇటలీ నుంచి వచ్చారు. 1894లో బౌరింగ్‌పేట నుంచి రైలుమార్గం పడింది. 1902 జూన్ 30న కావేరి మీది శివనసముద్రం జలపాతం నుంచి 92 మైళ్ళు, అంటే సుమారు 148 కిలోమీటర్లు ప్రయాణించి కరెంటు గనులకు చేరింది. అప్పటికి ప్రపంచంలోని అతి పొడవైన విద్యుత్ లైన్లలో అది ఒకటి. ఆ పథకానికి పూనుకున్న దివాను శేషాద్రి అయ్యరు దీపం వెలగడం చూడకుండానే అంతకు ముందు ఏడాది కన్నుమూశాడు. రాజధాని బెంగుళూరు వీధుల్లో దీపాలు వెలిగింది 1905లో. మైసూరు సంస్థానానికి గనులమీద వచ్చే 5 శాతం రాయల్టీ ఎంత ముఖ్యమైన ఆదాయమో ఈ వరసక్రమమే చెబుతుంది.

1880 నుంచి 2001 వరకు ఈ గనులు సుమారు 5 కోట్ల 10 లక్షల టన్నుల రాయిని పిండిచేసి, 800 టన్నుల బంగారం తీశాయి. సగటున టన్ను రాతికి పదిహేను గ్రాముల పైచిలుకు. పది గ్రాముల గొలుసుకు ఆరేడు వందల కిలోల రాయి పిండి కావాలి. గనుల చివరి కాలానికి టన్నుకు మూడు గ్రాములైనా రాని స్థితిలో అదే గొలుసుకు మూడు టన్నులు మించి కావాలి. కోలారు చరిత్ర రాసినవారు ఎక్కువమంది ఈ భిన్నంలో పైనున్న అంకెను చూశారు. కిందనున్న అంకె, అంటే ఆ పిండి, రెండుచోట్ల పోగుపడింది: గనుల పక్కన గుట్టలుగా, గనుల్లో దిగినవారి ఊపిరితిత్తుల్లో పొరలుగా.

ధూళి సంగతి కొంచెం వివరంగా చెప్పుకోవాలి. బంగారం పలుగురాతి నాళాల్లో ఉంటుంది. పలుగురాయి అంటే స్ఫటిక రూపంలోని సిలికా. డ్రిల్లుతో రంధ్రం వేసినా, మందుపాతర పేల్చినా, తిరగలిలో నూరినా దాని నుంచి లేచే ధూళిలో కంటికి కనిపించే కణాలు అంత ప్రమాదకరం కావు. ముక్కు, గొంతు వాటిని ఆపుతాయి. మిల్లీమీటరులో రెండువందలో వంతుకన్న చిన్నవి నేరుగా వాయుకోశాల దాకా వెళ్ళిపోతాయి. వాటిని మింగి శుభ్రం చేయడానికి శరీరం మాక్రోఫేజ్ కణాలను పంపుతుంది. సిలికాను మింగిన మాక్రోఫేజ్ చనిపోతుంది. అది విడుదల చేసే రసాయనాలవల్ల చుట్టూ నారకణజాలం పెరుగుతుంది. బయటపడిన సిలికాను మరో కణం మింగుతుంది. పనివాడు గని మానేసి ఇంటికి వెళ్ళినా ఈ వ్యవహారం ఆగదు. కొన్నేళ్ళకు ఎక్స్‌రేలో బఠాణీగింజల్లాంటి మచ్చలు, మెట్లెక్కితే ఆయాసం, ఆ పైన క్షయ. సిలికోసిస్ ఉన్నవారికి క్షయ సోకే ప్రమాదం మామూలు మనుషులకన్న ఎన్నో రెట్లు ఎక్కువ. దానికి ఈనాటికీ మందు లేదు.

దక్షిణాఫ్రికా బంగారు గనుల్లో ఈ వ్యాధి మీద 1910ల తొలినాళ్ళకే విచారణలు జరిగి చట్టం వచ్చింది. అక్కడా మొదట తెల్లజాతి కార్మికుల ప్రాణాలే లెక్కకు వచ్చాయన్నది వేరే కథ. కోలారు గనులూ అదే కాలానివి, అదే లోహానివి. ఇక్కడ అంత శ్రద్ధతో లెక్క కట్టడానికి మరో మూడు దశాబ్దాలు పట్టింది. రాతిలో తేడా ఉంది, నిజమే. కోలారు పలుగురాతి నాళాలకు చుట్టూ ఉన్నది సిలికా శాతం తక్కువగా ఉన్న నల్లరాయి. కానీ ఆలస్యానికి రాయి ఒక్కటే కారణం కాజాలదు. వలస కూలీకి దగ్గు ముదిరి పనిచేసే శక్తి పోతే అతను ఉత్తర ఆర్కాటులోనో, చిత్తూరు సీమలోనో తన పల్లెకు పోతాడు. అక్కడ రెండేళ్ళకు చనిపోతాడు. గని ఆసుపత్రి పుస్తకంలో ఆ మరణం ఉండదు. పనిలో మిగిలినవారిని మాత్రమే పరీక్షిస్తే గని ఆరోగ్యంగానే కనిపిస్తుంది. ఈ పొరపాటుకు వైద్య గణాంకశాస్త్రం తరువాత ఒక పేరు పెట్టింది. కోలారులో అది అప్పటికే అమలులో ఉంది.

ఈ మౌనాన్ని భంగపరచినవారిలో ముఖ్యుడు ఆంథొనీ కాప్లన్ అనే ఆంగ్లేయ వైద్యుడు. కాప్లన్ సిండ్రోమ్ పేరు వినని వైద్యవిద్యార్థి ఉండడు. కీళ్ళవాతం ఉన్న బొగ్గుగని కార్మికుల ఊపిరితిత్తుల్లో గుండ్రటి గడ్డలు కనిపించే ఆ స్థితిని ఆయన 1953లో వేల్స్ గనుల్లో గుర్తించి ప్రకటించాడు. ఆ చూపు ఆయనకు అలవడిన చోటు కోలారు అన్నది పాఠ్యపుస్తకాలు చెప్పని సంగతి. కార్డిఫ్ నగరానికి వెళ్ళకముందు ఆయన ఈ గనుల వైద్యుడు. 1940లలో ఇక్కడ 7,653 మంది పనివారిని పరిశీలించగా నూటికి దాదాపు 44 మందిలో సిలికోసిస్ కనిపించింది. భారతదేశంలో సిలికోసిస్ పాఠం చదివే ప్రతి విద్యార్థికీ ఈనాటికీ మొదట ఎదురయ్యే పేరు కోలారు. గనులు నడిచి అప్పటికే ఆరు దశాబ్దాలు. అంతకుముందు దిగి, దగ్గి, వెళ్ళిపోయిన రెండు తరాలవారు ఆ లెక్కలో లేరు.

కాప్లన్ రాసిన మరో వ్యాసం భూమికింది వేడిలో కుప్పకూలే కార్మికుల గురించి. చాంపియన్ రీఫ్ గని చివరకు మూడు కిలోమీటర్లకు మించి లోతుకు పోయింది. ఆ లోతున రాయి ఉష్ణోగ్రత 65 డిగ్రీల సెల్సియస్ దాటుతుంది. మనిషి శరీరం తనను తాను చల్లబరచుకునేది చెమట ఆవిరి కావడంవల్ల. ధూళి లేవకుండా నీళ్ళు చల్లుతూ డ్రిల్లు వేస్తే గాలిలో తేమ పెరుగుతుంది, చెమట ఆరదు. అంటే ఊపిరితిత్తులను కాపాడే పద్ధతే వేడిదెబ్బను దగ్గర చేస్తుంది. ఈ ముడిని విప్పడానికి గనులు నేలమీద శీతలీకరణ యంత్రాలు పెట్టి చల్లగాలిని లోపలికి పంపవలసి వచ్చింది. వీటికి తోడు ఒత్తిడికి గోడలు హఠాత్తుగా పేలిపోయే రాతి పేలుళ్ళు. ఊరంతా కంపించినప్పుడు ఇళ్ళలో ఆడవాళ్ళు ముందు చూసేది గడియారం వంక: ఇంట్లోవాడు ఏ షిఫ్టులో దిగాడు?

గని కింద ఇంతటి శాస్త్రం నడుస్తుండగా గని పైన పనివారు ఉన్నది వెదురు తడికల గుడిసెల్లో. వాటి వరసలకు లైన్లని పేరు. గనుల ఉచ్చదశలో ముప్ఫైవేల మందికి పైగా పనిచేశారు. వారిలో అధికభాగం తమిళ దళితులు, తరువాత తెలుగువారు, కన్నడిగులు. ఊరిలో పల్లెకట్టుబాట్ల కింద బతికినవారికి ఇక్కడ చేతికి నగదు కూలి, బడి, కాస్త తలెత్తుకునే వీలు దొరికాయి. ఈ మాట చెప్పకుండా వదిలేస్తే చరిత్ర ఒంటికంటిది అవుతుంది. మద్రాసులో అయోతిదాసు పండితరు ప్రారంభించిన బౌద్ధ ఉద్యమానికి మారికుప్పం, చాంపియన్ రీఫ్ గట్టి స్థావరాలయ్యాయి. ఆయన రచనలు అచ్చువేసిన సిద్ధార్థ పుస్తకశాల ఈ గనుల ఊరిదే. పగలు భూమిలో ఉన్నవాడు రాత్రి దీపం కింద బుద్ధుణ్ణి చదువుకున్నాడు. 1930లో కంపెనీలు ప్రతి కూలీ వేలిముద్రలు తీసుకుని నమోదు చేస్తామన్నప్పుడు, అది నేరస్థులకు చేసే మర్యాద అని వేలాదిమంది పని ఆపేశారు. సమ్మె దాదాపు మూడు వారాలు సాగింది. ఊపిరితిత్తులను లెక్కపెట్టడానికి తీరిక చిక్కని యాజమాన్యానికి వేళ్ళను లెక్కపెట్టడానికి చిక్కింది!

లెక్కకు రానిది ఇంకొకటి ఉంది. 1902లోనే కరెంటు చూసిన ఆ ఊరి కార్మికవాడల్లో 1990ల దాకా పాకీదొడ్లు ఉన్నాయి. వాటిని చేతులతో ఎత్తి శుభ్రం చేసే పని ఒక కులంవారిది. వారిలో తెలుగు మూలాలున్న ఒక కుటుంబంలో 1966లో పుట్టినవాడు బెజవాడ విల్సన్. తండ్రీ, అన్నా అదే పని చేశారు. బడిచదువులో కొంతభాగం కుప్పంలో సాగింది. ఇంటివాళ్ళు చేసే పని ఏమిటో వయసొచ్చాక గాని కళ్ళారా చూడని ఆ యువకుడు, 1980ల మధ్యలో ఆ దొడ్లు కూల్చాలని ఉత్తరాలు రాయడం మొదలుపెట్టాడు. అక్కడ అలాంటివి లేనేలేవని జవాబు వచ్చేది. 1993లో దేశంలో పాకీపనిని నిషేధించే చట్టం వచ్చింది. ఆ పని ఇంకా జరుగుతోందని ఫోటోలు పత్రికలో అచ్చయిన తరువాత గాని కోలారులో కదలిక రాలేదు. ఆ పోరాటం ఎస్.ఆర్. శంకరన్ వంటివారి తోడ్పాటుతో సఫాయి కర్మచారీ ఆందోళన్ అయి దేశమంతా వ్యాపించింది. 2016లో విల్సన్‌కు మెగసెసే పురస్కారం వచ్చింది. గని యజమానులు నమోదు చేసిన కోలారు ఉత్పత్తుల్లో ఈ మనిషి పేరు ఉండదు.

విచిత్రమేమంటే అదే కాలంలో అదే ఊరు భౌతికశాస్త్రంలో ఒక పుట తెరిచింది. 1965లో టాటా సంస్థ శాస్త్రజ్ఞులు, జపానులోని ఒసాకా, ఇంగ్లండులోని డర్హమ్ విశ్వవిద్యాలయాలవారితో కలిసి, 2.3 కిలోమీటర్ల లోతున వాతావరణం నుంచి వచ్చే న్యూట్రినోలను గుర్తించారు. దక్షిణాఫ్రికా బంగారు గనిలో రైనెస్ బృందం చేసిన ప్రయోగమూ ఆ ఏడాదిదే. ఏ రాయీ ఆపలేని కణాన్ని పట్టుకోవడానికి, మిగిలిన కిరణాలన్నింటినీ ఆపే అంత రాయి కావాలి. కూలీలు వందేళ్ళు తవ్విన లోతు శాస్త్రానికి అలా ఉపయోగపడింది. ప్రోటాను క్షయిస్తుందా అన్న ప్రశ్నకు జవాబు వెదికిన ప్రయోగం కూడా 1980లలో ఇక్కడే జరిగింది.

బంగారం మాత్రం తరుగుతూ వచ్చింది. 1956లో మైసూరు ప్రభుత్వం గనులను జాతీయం చేసింది. 1962లో కేంద్రం తీసుకుంది. 1972లో భారత్ గోల్డ్ మైన్స్ లిమిటెడ్ ఏర్పడింది. అనంతపురం జిల్లా రామగిరి, చిత్తూరు సీమలోని చిగురుకుంట, బిసానత్తం గనులూ దాని ఏలుబడిలోకి వచ్చాయి. మంచి రాయి మొదటి డెబ్భై ఏళ్ళలోనే లండన్ వాటాదారులకు చేరిపోయింది. ప్రభుత్వానికి దక్కింది లోతు, వేడి, ఖర్చు. 2001 ఫిబ్రవరి 28న గనులు మూతబడ్డాయి. నీటిని తోడే పంపులు ఆగాయి, షాఫ్టులు క్రమంగా మునిగాయి. మూడువేలకు పైగా ఉద్యోగాలు పోయాయి. ఊరికి ఆ ఒక్క ఆధారం తప్ప చెప్పుకోదగినది 1964లో వెలసిన భారీ యంత్రాల కర్మాగారం బెమెల్ ఒక్కటే.

మిగిలినవి 13 సైనైడ్ దిబ్బలు. పిండి చేసిన రాతిని సైనైడ్ ద్రావణంతో కడిగి బంగారం తీశాక పారబోసిన వ్యర్థం అది. సుమారు 3 కోట్ల 30 లక్షల టన్నులు. ఎండాకాలం గాలి వీస్తే దిబ్బల మీద నుంచి తెల్లటి ధూళి లేచి ఇళ్ళమీద పడుతుంది. ఏనాడూ గనిలోకి దిగని ఇల్లాళ్ళు, పిల్లలు దాన్ని పీలుస్తారు. టన్నుకు ఒక గ్రాముకన్న తక్కువే అయినా ఆ దిబ్బల్లోనూ బంగారం ఉంది, మొత్తం ఇరవై టన్నుల పైచిలుకు అని అంచనా. 2024 జూన్‌లో కర్ణాటక మంత్రివర్గం వాటిని తిరిగి తవ్వే ప్రతిపాదనకు సమ్మతి తెలిపింది.

మారికుప్పం స్టేషనులో బెంగుళూరు బండి తెల్లవారకముందే నిండుతుంది. గని పనివారి కొడుకులు, కూతుళ్ళు, మనుమలు అక్కడి కంపెనీల్లో, దుకాణాల్లో, భవనాల కాపలాలో పనిచేసి రాత్రి పొద్దుపోయాక తిరిగివస్తారు. లోహం మోయడానికి 1894లో వేసిన ఆ మార్గమే ఇప్పుడు మనుషులను మోస్తోంది. బండి కదిలాక కొంతసేపటివరకు కిటికీలోంచి దిబ్బలు కనిపిస్తూనే ఉంటాయి.